మోహనంలో పడిన మధ్యమం

నా చిన్నప్పుడు జగ్గయ్యపేటలో మా తాతయ్య సంగీతం కోసమే ఒక వారపత్రిక నడిపేవారు. ఎక్కడ ఎవరి కచేరీ జరిగిందో, ఎలా సాగిందో అందులో రాసేవారు. జనం మాత్రం ముందుగా చివరి పేజీ తిప్పేవారు. వారానికో కీర్తన అక్కడ స్వరాలతో సహా వచ్చేది. సంగీతం మాస్టారు దొరకని ఊళ్లలో ఆడపిల్లలు ఆ పేజీని ఎదురుగా పెట్టుకుని హార్మోనియం మీద సాధన చేసేవారు. మా చుట్టుపక్కల పేరంటాల్లో, పెళ్లిళ్లలో వినపడే పాటలు చాలావరకు అక్కడినుంచి వచ్చినవే.

ఒకసారి నందిగామలో పాటల పోటీకి తాతయ్య నన్ను వెంట తీసుకెళ్లారు. ముక్త్యాల నుంచి వచ్చిన ఒక అక్క మోహన రాగంలో కీర్తన ఎత్తుకుంది. చక్కటి గొంతు. చరణంలోకి వచ్చేసరికి న్యాయనిర్ణేత చెయ్యెత్తి ఆపేశారు.

"మోహనంలో మధ్యమం ఉండదు కదమ్మా! నీకెవరు నేర్పారు?"

"పత్రికలో చూసి నేర్చుకున్నానండి," అందా అక్క.

హాలంతా నవ్వింది. ఆమె తల దించుకుంది. నా పక్కన తాతయ్య లేచి నిలబడ్డారు. 

"అచ్చులో ఉన్నట్టే పాడిందండి ఆ అమ్మాయి. 'గ' అని గాంధారం ఉండాల్సిన చోట 'మ' అని మధ్యమం పడింది. నేను సరిచూసుకోలేదు. ఆ పత్రిక నాదే."

నవ్వులు ఆగిపోయాయి. అయినా ఆమెను మళ్లీ పాడనివ్వలేదు. పోటీ నియమం అదేనన్నారు. తాతయ్య ఆమెను బయట మెట్ల మీద కూర్చోబెట్టి, క్షమించమని అడిగి, సరైన స్వరం చెప్పారు. ఆమె వెంటనే అందుకుంది. పాడుతూనే ఏడ్చింది.

తిరుగు బస్సులో నాకు సిగ్గుతో తల ఎత్తబుద్ధి కాలేదు. "ఎందుకు చెప్పావు తాతయ్యా? ఊరుకుంటే ఎవరికీ తెలిసేది కాదుగా," అన్నాను.

"నేను ఊరుకుంటే ఆ పిల్ల తనకి పాట రాదనుకుని మానేసేదమ్మా," అన్నారు.

ఆ వారం పత్రిక మొదటి పేజీలో ఎప్పుడూ వేసే విద్వాంసుల ఫొటో తీసేసి, ఆ తప్పును, సరైన స్వరాన్ని పెద్ద అక్షరాల్లో వేశారు. మేమూ అలాగే పాడుతున్నామంటూ ఎన్నో ఊళ్లనుంచి కార్డులొచ్చాయి. తాతయ్య వాటిని ఒక్కొక్కటే చదువుకున్నారు. తన పత్రిక ఎంత దూరం వెళ్తోందో ఆయనకు ఆ రోజే తెలిసిందనుకుంటాను.

తాతయ్యతోనే పత్రికా ఆగిపోయింది. నేను నందిగామలో సంగీతం చెబుతూ ముసలిదాన్నయ్యాను. ఇప్పటికీ నా దగ్గర పిల్లలెవరైనా స్వరం తప్పితే నోటిదాకా వచ్చిన కోపాన్ని ఆపుకుంటాను. ఆ చోటు నేనే ఒకసారి పాడి చూసుకుంటాను.