ఆర్నెల్ల శిక్ష, అరువు కట్టె

నా కొడుకుకు శిక్ష ఎంత పడుతుందో తేలే రోజున నన్ను రోగిష్టిదానిలా తయారు చేసి కోర్టుకు తీసుకుపోయారు. ముందు రోజు సాయంత్రం దాకా నేను పెరట్లో గొడ్డలి పట్టుకొని పొయ్యికట్టెలు కొట్టాను. జ్వరం వచ్చి పడుకున్నది ఎప్పుడో నాకు గుర్తు కూడా లేదు. అయినా వకీలు మాట వినక తప్పలేదు.

"పెద్దమ్మా, ముసలి తల్లి, అండ్ల బీమారు తల్లి కోర్టుల కూసుంటే జడ్జి కలం జర మెల్లగ నడుస్తది. ఎన్ని కేసులు చూడలే!" అన్నాడాయన.

జరిగింది ముందు చెప్పాలి. మాది సుల్తానాబాద్ దగ్గర పల్లె. వరి కోతలయ్యాక మా దిక్కు వడ్లన్నీ తారు రోడ్డు మీదనే ఆరుతాయి. రోడ్డుకు ఒక పక్క వడ్లు, వాటి అంచున వరుసగా రాళ్లు, రాళ్ల పక్కన కావలి పడుకున్న మనిషి. ఒకనాడు తెల్లవారుజామున మంచు బాగా కురుస్తుంటే నా కొడుకు ట్రాక్టరు మీద వస్తున్నాడు. ట్రాక్టరుకు ఒక లైటు పోయి చాలా రోజులైంది. రేపు వేయిస్తా, మాపు వేయిస్తా అంటూ తిరుగుతున్నాడు. పక్కూరి రైతు ఒకాయన చలికి నల్ల టార్పాలిన్ పరదా నిండా కప్పుకొని వడ్ల పక్కన పడుకున్నాడు. నా కొడుకు చూడలేదు. చూసేసరికి చక్రం ఎక్కింది. అటుగా వస్తున్న ఆటోను ఆపి, ఆయన తలను ఒళ్లో పెట్టుకొని కరీంనగర్ దవాఖానకు తీసుకుపోయాడు. దారిలోనే ప్రాణం పోయింది. పోలీసులు వచ్చేదాకా వాడు దవాఖాన మెట్ల మీదనే కూర్చున్నాడు.

ఇది నవ్వుకునే సంగతి కాదు. నవ్వు వచ్చినవన్నీ ఆ తర్వాతివే.

మొదట్లో నాకు ఉరి భయం పట్టుకుంది. మనిషి పోతే ఉరేననుకున్నాను. వకీలు కూర్చోబెట్టి చెప్పాడు. చంపాలనే చంపింది ఒకటి, ఇట్లా చేస్తే చస్తాడని తెలిసీ చేసింది ఇంకొకటి, చూసుకోక చేసింది మూడోది. మావాడిది మూడోది. "మరి దానికి రేటెంత?" అని అడిగాను. హుజూరాబాద్ మార్కెట్లో పత్తి రేటు రాసిపెట్టినట్టు కోర్టులో కూడా ఎక్కడో ఒక పలక ఉంటుందనుకున్నాను.

"రేటు గట్ల ఉండదు పెద్దమ్మా. చట్టంల ఐదేండ్ల దాకా వేయొచ్చని ఉంది. గీ కోర్టుకు మూడేండ్ల కన్న ఎక్కువ వేసే అధికారం లేదు. ఇంతకు మించొద్దని రాసుంది గని ఇంతకు తగ్గొద్దని రాయలే."

"అంటే జడ్జమ్మ ఇష్టమా?"

"ఇష్టం గాదు. అన్నీ చూస్తది. వాడు తాగిండా, ఉరికిపోయిండా, పాత కేసులున్నయా, ఇంట్ల ఎవరెవరున్నరు... గా ఆఖరిది నువ్వే."

నేను అంత పనికొచ్చే మనిషినని నాకు అప్పుడే తెలిసింది.

బీమారి మాటకు నేను పెద్దగా బాధపడలేదు. బాధపడింది ఇంకో మాటకు. 'చదువు రాని తల్లి' అని చెబుతానన్నాడు. నేను అరవై దాటాక మా చర్చి అయ్యగారి భార్య దగ్గర అక్షరాలు దిద్దుకున్నాను. అంతకుముందు పాటల పుస్తకం తలకిందులుగా పట్టుకొని కూడా గొంతెత్తి పాడేదాన్ని. పాటలన్నీ నోటికి వచ్చు కదా, పుస్తకం ఉత్త మర్యాదకు. అక్షరాలు వచ్చాక మాత్రం నా నోరు ఆగలేదు. బస్సు మీదది, ఎరువుల సంచి మీదది, పెండ్లి పత్రిక మీదది, కనబడినదల్లా పైకి చదవాలి. లోపల చదువుకోవడం నాకు ఇప్పటికీ రాదు. బస్సులో నా పక్కన కూర్చోవడానికి కోడలు జంకుతుంది.

"నాకు చదువొస్తది వకీల్ సాబ్" అన్నాను.

"వస్తది పెద్దమ్మా, ఎవరు కాదన్నరు? గా ఒక్కరోజు రాదనుకో. కోర్టుల బోర్డులు గిట్ల చదవకు."

ఇంకొక సంగతి వకీలుకు నేను చెప్పలేదు. చెప్పే సంగతని కూడా అనిపించలేదు. ఆ రైతు పోయిన తర్వాత వచ్చిన యాసంగి పంటకు ఆయన భార్య పొలానికి నాట్లకు మనుషులు దొరకలేదు. మా ఊరి ఆడవాళ్ల జట్టును పిలిపించింది. ఆ జట్టులో నేనూ ఉన్నాను. నన్ను చూడగానే ఒడ్డు మీద అడ్డం నిలబడింది.

"నువ్వు నా పొలంల దిగకు. నీ మొకం నేను చూడ!"

"చూడకు. నాటేసేటప్పుడు ఎవరి మొకం కనబడ్తది? నడుములే కదా కనబడేది" అన్నాను. ఆమె నోరు తెరిచేలోపు బురదలో దిగాను.

ఆమె ఒడ్డు మీద నిలబడి పొద్దుగూకేదాకా తిట్టింది. నేను వంగి, నారు పెట్టుకుంటూ వెనక్కి నడిచాను. తిట్లు వింటూ నాటితే వరుస ఎక్కడ సరిగ్గా వస్తుంది? పోయిన మనిషి పొలంలో దిగి నిలబడడం తప్ప ఇంకేం చేయాలో ఆ రోజు నాకు తోచలేదు.

కోర్టు రోజున కోడలు పెట్టె అడుగు నుంచి వెలిసిన చీర తీసి కట్టింది. పక్కింటి ముసలాయన, నాకు బావ వరస, తన చేతికట్టె ఇచ్చాడు. ఇచ్చేముందు, "ఇది నా మూడో కాలు. పోగొట్టకు" అన్నాడు. ఆ కట్టె పట్టుకొని నడవడం చాలా కష్టం. ఎటు తిప్పినా నా కాళ్లకే అడ్డం వస్తుంది. బస్టాండులో రెండుసార్లు పడబోయాను. కోడలు మెచ్చుకుంది. "మస్తు కుదిరిందత్తా, గట్లనే నడువు."

కోర్టు వరండాలో బెంచీ చూసి అక్కడే ఆగిపోయాను. బెంచీ నిండా తల్లులే. అందరివీ వెలిసిన చీరలే, అందరి చేతుల్లో కట్టెలే. నా పక్కన కూర్చున్నామె గొంతు చించుకొని దగ్గుతున్నది.

"ఇప్పుడే దగ్గకు చెల్లే, గొంతు పోతది. జడ్జి వచ్చినంక దగ్గుదువు గని" అన్నాను.

"నిజమే అక్కా. నీకేం బీమారి?"

"షుగరు, మోకాళ్లు అని చెప్పమన్నరు. నీకు?"

"నాకు దమ్ము. మా వకీలు ఇచ్చిండు."

వాళ్లబ్బాయి పొలం గట్టు కొట్లాటలో ఎవరిదో తల పగలగొట్టాడట. మా పిలుపు వాళ్లకన్నా ముందు వచ్చింది. నేను లోపలికి పోయి వెనక బెంచీలో కూర్చున్నాను. ఎదుటి గోడ మీద పెద్ద అక్షరాలు కనబడ్డాయి. వకీలు మాట ఎక్కడ గుర్తుంటుంది!

"నిశ్శబ్దము... పాటించండి!" అని గట్టిగా చదివాను.

బంట్రోతు ఉరికొచ్చాడు. "అవ్వా, నిశ్శబ్దం!"

"గదే చదువుతున్న బిడ్డా."

వకీలు వెనక్కి తిరిగి నన్ను చూసిన చూపు ఇంకా నా కళ్లముందే ఉంది.

జడ్జమ్మ కళ్లద్దాల చిన్న మనిషి. మావాడు చేసింది నేరమేనని తేల్చినట్టు చెప్పింది. తర్వాత వాడి వైపు చూసి, "శిక్ష గురించి నువ్వేమైనా చెప్పుకుంటావా?" అని అడిగింది. శిక్ష వేసేముందు మనిషిని అట్లా అడగాలట, అది చట్టమే. వాడికి వకీలు ఇంట్లో వల్లె వేయించిన మాటలున్నాయి. ఒక్కడే సంపాదించేవాడిని, మొదటి తప్పు, ముసలి తల్లి. వాడు అవేవీ అనలేదు.

"నేను చూడలే మేడం. లైటన్న వేపియ్యకపోతి" అని ఊరుకున్నాడు.

మూడేండ్లు ఖాయం అనుకున్నాను. సర్కారు వకీలు లేచి, లైటు లేదని తెలిసీ బండి తీశాడు, కాబట్టి పెద్ద శిక్షే వేయాలన్నాడు. మా వకీలు లేచి నా గురించి చెప్పడం మొదలుపెట్టాడు. మంచం దిగలేదన్నాడు, మందులకు కొడుకే దిక్కన్నాడు, అక్షరం ముక్క రాదన్నాడు. వింటుంటే ఆ ముసలిదెవరో గానీ నాకే జాలేసింది.

"తల్లి వచ్చిందా?" అని అడిగింది జడ్జమ్మ.

నా కొడుకు గురించి నన్ను పిలిచారు. అంతే, లేచి గబగబా నలుగురిని దాటుకొని ముందుకు పోయి నిలబడ్డాను. వెనక నుంచి బంట్రోతు పరుగెత్తుకొచ్చాడు.

"అవ్వా, అవ్వా! నీ కట్టె!"

కోర్టంతా నవ్వింది. జడ్జమ్మ కాగితాలు అడ్డం పెట్టుకుంది. వకీలు దగ్గడం మొదలుపెట్టాడు. ఆ పొద్దు కోర్టులో నిజంగా దగ్గింది ఆయనొక్కడే.

అప్పుడు ఇంకో మూల నుంచి ఒక గొంతు లేచింది. పోయినాయన భార్య.

"అబద్ధం మేడం! గామెకు బీమారా? రాయి తీర్గ ఉన్నది. పోయిన యాసంగిల నేను వద్దన్నా ఇనకుంట నా పొలంల దిగి పొద్దుగూకేదాకా నాటేసింది. బీమారున్నోళ్లు నాటేస్తరా?"

కోర్టులో నవ్వు ఆగిపోయింది.

"మీ పొలంలోనా?" అంది జడ్జమ్మ.

"నా పొలంలనే. వరుసలన్నీ వంకర. కూలి ఇయ్యబోతే తీసుకోలే, ఊర్ల నన్ను బద్నాం చేసింది. గా కొడుకు గూడ గంతే. వడ్లు తెచ్చి వాకిట్ల పోసి మాట్లాడకుంట పోయిండు. నేను పిలిచిన్నా?"

వడ్ల సంగతి నాకే తెలియదు. వాడి వైపు చూశాను. వాడు నేల చూస్తున్నాడు.

"ఏమ్మా, ఆమె చెప్పింది నిజమేనా?" అని జడ్జమ్మ నన్ను అడిగింది.

"నిజమే మేడం. వరుసలు వంకరనే వచ్చినయి" అన్నాను. అక్కడితో ఆగితే బాగుండేది. "నాకు చదువు గూడ వస్తది" అని కూడా అన్నాను.

"ఇందాక విన్నాను" అంది జడ్జమ్మ.

ఆమె లోపలికి పోయి, మధ్యాహ్నం అయ్యాక వచ్చి కూర్చుంది. ఆ మధ్యలో మేం తెచ్చుకున్న అన్నం మూట ఎవరూ విప్పలేదు. ఆమె తూచినట్టు చెప్పింది.

"లైటు లేదని తెలుసు. కోతల కాలంలో రోడ్ల మీద మనుషులు పడుకుంటారనీ తెలుసు. అందుకని జరిమానాతో వదిలిపెట్టడం కుదరదు. తాగి నడపలేదు, పారిపోలేదు, పాత కేసులు లేవు. పోయినాయన కుటుంబాన్ని వదిలేసి తప్పుకోలేదని ఆ కుటుంబం నోటి నుంచే విన్నాను." నా దిక్కు చూసింది. "తల్లి అనారోగ్యాన్ని మాత్రం లెక్కలోకి తీసుకోవడం లేదు."

ఆర్నెల్లు. ఆ కుటుంబానికి నష్టపరిహారం.

పై కోర్టుకు పోదాం, అప్పటిదాకా బెయిలు మీద ఇంటికి రావచ్చన్నాడు వకీలు. మావాడు తల అడ్డంగా ఊపాడు. "వద్దు సార్. అయిపోనీ."

వరండాలో పోయినాయన భార్య నాకు ఎదురుపడింది. కళ్లు ఎర్రగా ఉన్నాయి.

"నిన్ను పట్టియ్యాల్నని చెప్పిన. గిట్లయితదనుకోలే."

"నాకెరుకే."

"మూడేండ్లు పడాల్నని మొక్కుకున్న."

ఆమె కొంగు సర్దుకొని రెండడుగులు వేసి ఆగింది. "నాట్లకు వస్తే తాడు పట్టి వెయ్యి. వంకర పెట్టకు" అని వెళ్లిపోయింది.

పోలీసులు నా కొడుకును జీపు ఎక్కిస్తున్నారు. కోడలు ఏడుస్తున్నది, నేనూ ఏడుస్తున్నాను. వాడు జీపులోంచి తల బయటపెట్టి, "అవ్వా, కట్టె మర్చిపోయేవు, పక్కింటి పెద్దబాపు పానం తీస్తడు" అన్నాడు. మళ్లీ మర్చిపోయాను నిజంగానే. బెంచీ దగ్గరికి పోతే దగ్గే చెల్లె దాన్ని చేతిలో పట్టుకొని చూస్తున్నది.

"ఎన్నేండ్లక్కా?"

"ఆర్నెల్లు."

బెంచీ మీది తల్లులందరూ ఆ కట్టె వైపు చూశారు.

"గీ కట్టె జర మాకియ్యరాదు? మా వానిది పిలుస్తున్నరు. మాది ఉత్త వెదురు బొంగు."

"తీస్కో చెల్లే. కని మర్చిపోతనే పనిచేస్తది" అన్నాను.

ఇప్పటికి వాడు జైలుకు పోయి రెండు నెలలు దాటింది. వారం వారం కరీంనగర్ పోయి చూసి వస్తున్నాను. పక్కింటి బావ రోజూ గోడ మీద చెయ్యి ఆనించుకొని నిలబడి నన్ను అడుగుతాడు.

"నా మూడో కాలు ఎప్పుడొస్తది మరదలా?"

"అది ఇంకా కోర్టుల తిరుగుతుంది బావా. నా కొడుకే ముంగట వస్తడు."