ఆరోన్ గారి సంతాపం రోజు

పద్దెనిమిదో శతాబ్దంలో ఇంగ్లండులో ఎవరో ప్లీడరు కోర్టు మెట్లు దిగి పార్లమెంటు మెట్లెక్కాడట. లా కాలేజీలో ఆ పాఠం విన్నరోజే దుర్గాప్రసాద్ తన దారీ అదేనని ఖాయం చేసుకున్నాడు. పార్లమెంటెక్కడ, భవానీపురమెక్కడ! ఐదేళ్లు కార్పొరేటరుగా మురుగుకాలువల కోసం గొంతు చించుకుని, రెండోసారి పోటీలో ఓడి, బుద్ధిగా మళ్లీ నల్లకోటు తొడుక్కున్నాడు. ఓట్ల రుచి మరిగిన మనిషి ఊరుకుంటాడా? ఈసారి బార్ అసోసియేషన్ అధ్యక్ష పదవి మీద కన్ను పడింది.

ఒకప్పుడు ఆయన కోసం ఇంటింటికీ తిరిగి ఓట్లడిగిన సంపూర్ణమ్మ ఈ బార్ ఎన్నికల రోజుల్లోనే నోటీసు పట్టుకొచ్చింది. బడిలో ఆయాగా చేసి మానేసిన మనిషి. కృష్ణా కరకట్ట పక్కన రెండు రేకుల గదులు తప్ప ఆమెకు వేరే ఆధారం లేదు. వాటిని ఖాళీ చేయమని సర్కారు వాళ్లిచ్చిన నోటీసు. దుర్గాప్రసాద్ పద్నాలుగో తేదీ దాకా స్టే తెచ్చాడు. ఆ రోజు లేచి నిలబడి, పొడిగించమని ఒక్క మాట అడగాలి. అంతే పని.

పదమూడున ఆరోన్ గారు పోయారు. దుర్గాప్రసాదుకు వకీలు వృత్తిలో ఓనమాలు దిద్దించిన సీనియర్ ఆయనే. వకీలు పోతే మర్నాడు తోటి వకీళ్లెవరూ కేసులు నడపరు. సంతాపసభ పెట్టుకుని ఇళ్లకు పోతారు. జడ్జీలు కూడా ఆ మర్యాద పాటించి, వాయిదాలు వేసి స్టేలు వాళ్లే పొడిగిస్తారు. ఎన్నో ఏళ్లుగా నడుస్తున్న ఆనవాయితీ. పద్నాలుగున పని మానేసి సంతాపసభ పెడదామన్న తీర్మానం ప్రతిపాదించింది దుర్గాప్రసాదే. గురువు మీద ప్రేమ నిజం. ఎదురుగా కూర్చున్నవాళ్లంతా ఓటర్లన్నదీ నిజమే. ఆ సభలో మాట్లాడుతూ ఏడ్చాడు కూడా. సరిగ్గా అప్పుడే పక్క భవనంలో సంపూర్ణమ్మ కేసు పిలిచారు. ఎవరూ పలకలేదు. కొత్తగా వచ్చిన జడ్జి, ఎవరూ అడగని స్టేను పొడిగించలేదు.

పదిహేనున పొద్దున్నే పొక్లెయిన్ వచ్చింది. ఫోనందుకుని ఆయన స్కూటరు మీద వెళ్లేసరికి గోడలు లేవు. ఇసుకలో గ్యాస్ పొయ్యి, మూడు బిందెలు, ఏసుప్రభువు పటం. సంపూర్ణమ్మ బిందెలు లెక్కపెట్టుకుంటోంది. ఆయనకు ఏడుపు రాలేదు, సిగ్గూ రాలేదు. పన్ను పీకే ముందు సూది వేస్తే దవడ ఎలా ఉంటుందో లోపలంతా అలా ఉంది.

మరుసటి వారం బార్ ఎన్నికల్లో గెలిచాడు. దండలు వేశారు, మిఠాయి నోట్లో కుక్కారు. దాని రుచి కూడా తెలియలేదు.

ఆ సాయంత్రమే సంపూర్ణమ్మ ఆయన ఆఫీసుకొచ్చింది. చెల్లెలింట్లో తలదాచుకుంటున్నానని, ఇంకా ఏదైనా దారుంటే చూడమని అడిగింది. తర్వాత తనే ఆయన్ని ఓదార్చింది.

"మీ గురువుగారు పోయారంటగా బాబూ. చావు ముందు కోర్టులేంటి? అందరూ మానేద్దామంటే మీరొక్కరూ ఏం జేస్తారు లెండి."

అందరూ కాదు, మానేద్దామన్నది నేనే. అలా లోపలే అనుకుంటూ, మెడలో దండ తీసి పక్కన పెట్టి, కొత్త పిటిషను కాగితం ముందుకు లాక్కున్నాడు. పేరు రాశాడు, వయసు రాశాడు. నివాసం దగ్గర కలం ఆగింది.

"అడ్రసేం రాయమంటారమ్మా?"

"పాతదే రాయండి బాబూ. నాకు వచ్చింది అదొక్కటే."

ఆమె డోర్ నంబరు అంకె అంకె విడదీసి, చిన్నపిల్లలకు చెప్పినట్టు చెప్పింది. ఆయన రాశాడు. కింద ఆమె తరఫు న్యాయవాదిగా సంతకం పెట్టాడు.