పందికొవ్వు పూసిన తొట్టి

వెర్లిన్ బ్రోక్‌కు తొట్టి అంటే రోత. స్కూలు బస్సు నడుపుతూ నలభై ఏళ్ళు బతికిన మనిషి, ఒక్క యాక్సిడెంటు చేసి ఎరగడు, మంచులో దిగబడ్డ కార్లెన్నిటినో తన గొలుసు వేసి లాగిపెట్టాడు. అయినా ఒహాయోలోని మా కౌంటీలో ఆయన పేరెత్తితే జనానికి గుర్తొచ్చేది తొట్టే.

దానికి కారణం మా జాతర. ఏటా ఆగస్టులో కౌంటీ జాతర జరుగుతుంది. మా రాష్ట్రం నుంచి ఎనిమిది మంది దేశాధ్యక్షులయ్యారని మాకు మహా గొప్ప. అందులో ఒకరు తమవాడని వర్జీనియా వాళ్ళంటారు గానీ మేం వినిపించుకోం. ఆ ఎనిమిది మంది వేషాలూ కట్టి ట్రాక్టరు బండ్ల మీద ఊరేగిస్తాం. ఒక్కో బండి ముందుకు రాగానే మైకు పట్టుకున్నవాడు ఒక్కో ముక్క చెబుతాడు. హేస్ అంటే వైట్ హౌస్‌లో మొదటి టెలిఫోను. బెంజమిన్ హారిసన్ అంటే షాకు కొడుతుందేమోనని కరెంటు స్విచ్చు ముట్టుకోని మనిషి. గార్‌ఫీల్డ్ అంటే, డాక్టర్లు చేతులు కడుక్కోకుండానే ఆయన గాయంలో వేళ్ళు పెట్టి కెలికిన సంగతి. అది వినగానే పిల్లలు "యాక్" అని అరుస్తారు, పెద్దలు ఇకిలిస్తారు. ఒక మనిషి తుపాకి గుండు తిని, చీము పట్టి, వేసవంతా మంచంలో తీసుకుని తీసుకుని చచ్చిపోతే, మొక్కజొన్న కండె కొరుక్కుంటూ ఇక్కడ నవ్వు. ఛీ!

ఆఖరి బండి టాఫ్ట్‌ది. ఆయన ముక్క అందరికీ తెలిసిందే. భారీ మనిషి, స్నానాల తొట్టిలో ఇరుక్కుపోయాడు, ఆరుగురు కలిసి వెన్న పూసి బయటికి లాగారు. ఆయన కోసం పెద్ద తొట్టి చేయించిన మాట నిజమే, నలుగురు పనివాళ్ళు అందులో కూర్చుని దిగిన ఫోటో కూడా ఉంది. ఇరుక్కున్నాడనడానికి మాత్రం ఇప్పటిదాకా ఎవరూ రుజువు చూపించలేదు. రుజువు ఎవడిక్కావాలి?

వెర్లిన్ ఈ వేషానికి ఒప్పుకున్నది తొట్టి కోసం కాదు. చిన్నప్పటి నుంచీ ఆయన లావే. క్లాసులో బెంచీ విరిగితే ఎవడు కూర్చున్నా నేరం ఆయనదే. అలాంటివాడికి తన రాష్ట్రంలోనే పుట్టిన ఆ పెద్దమనిషి దేవుడిలా దొరికాడు. టాఫ్ట్‌కు అధ్యక్ష పదవి మీద ఏనాడూ మోజు లేదు. పెళ్ళామూ, అన్నా ముందుకు తోస్తే వెళ్ళాడు. ఆయన మనసంతా సుప్రీంకోర్టు మీదే. ఓడిపోయి ఇంటికొచ్చాక, ఎన్నో ఏళ్ళకు, ఆ కోర్టుకే ప్రధాన న్యాయమూర్తి అయ్యాడు. ఆ రెండు కుర్చీల్లోనూ కూర్చున్నవాడు ఆయనొక్కడే. అధ్యక్షుడిగా ఉన్న సంగతే తనకు గుర్తు లేదని తర్వాత రాసుకున్నాడు కూడా. వెర్లిన్ ఈ సంగతులన్నీ ఒక ఉపన్యాసంగా తయారు చేసుకుని, నల్లకోటు తొడుక్కుని, మీసాలు అతికించుకుని మొదటి ఏడు బండెక్కాడు. నాలుగు మాటలు చెప్పాడో లేదో వెనక నుంచి కేకలు. "తొట్టి! తొట్టి!"

ఆ మరుసటి ఏడే ఎల్డన్ ట్రికెట్ తొట్టి తెచ్చాడు. ఎల్డన్ జాతర కమిటీ పెద్ద, ఇనప సామాన్ల కొట్టు యజమాని, వెర్లిన్‌తో కలిసి చదువుకున్నవాడు. గుర్రాలకు నీళ్ళు పెట్టే రేకు తొట్టి తెచ్చి, వెన్న ఖరీదని లోపలంతా పందికొవ్వు పూయించాడు. వెర్లిన్ అందులో కూర్చుని ఇరుక్కున్నట్టు గింజుకోవాలి, ఆరుగురు తాడు వేసి లాగాలి. ఆగస్టు ఎండకు కొవ్వు కరిగి చొక్కాలోకి, చంకల్లోకి, చెవుల్లోకి కారేది. ఈగలు ముసిరేవి. లాగే నెపంతో వాళ్ళూ వీళ్ళూ ఆయన పొట్ట మీద చరిచేవాళ్ళు, గిల్లేవాళ్ళు. ఇంటికెళ్ళి ఎంత రుద్దుకున్నా వారం దాకా ఆ కొవ్వు వాసన పోయేది కాదు. ఎందుకు ఒప్పుకున్నావయ్యా అంటే, కాదంటే చిన్నబుచ్చుకున్నాడంటారని. లావుపాటివాడికి మా ఊళ్ళో కోపం తెచ్చుకునే హక్కు లేదు.

ఆయన ఒక్కగానొక్క కూతురు డారా. ఒడ్డూ పొడుగూ తండ్రిదే. తొమ్మిదేళ్ళప్పుడు జాతర మర్నాడు తండ్రి బస్సులోనే బడికి వెళ్తుంటే, వెనక సీట్ల పిల్లలు "తొట్టి పిల్లా, తొట్టి పిల్లా" అని పాట కట్టారు. ఆమె రెండు చెవులూ మూసుకుని దారంతా ఏడ్చింది. వెర్లిన్ అద్దంలో చూస్తూనే బస్సు నడిపాడు. ఆ సాయంత్రం పక్కన కూర్చోబెట్టుకుని టాఫ్ట్ కోర్టు సంగతి చెప్పాడు. ఆ తర్వాత ఎన్నోసార్లు చెప్పించుకుంది. లా చదివింది. మా దగ్గర జడ్జీలను కూడా ఓట్లేసే ఎన్నుకుంటాం. పోయినేడు ఆ పదవికి నిలబడింది.

ఆ మాట విన్నరోజే వెర్లిన్ ఎల్డన్ కొట్టుకు వెళ్ళాడు. ఎల్డన్ ఆయన్ని చూస్తూనే, "రారా! కొవ్వు డబ్బాలు తెప్పించేశాను. ఈసారి టీవీ వాళ్ళు కూడా వస్తున్నారు" అన్నాడు.

"నేను ఎక్కను."

"ఎక్కవా? ఏం, చిక్కిపోయావా?"

"డారా జడ్జి అవుతోంది. దాని బాబు కొవ్వులో పొర్లుతుంటే రేపు కోర్టులో దాని మాట ఎవడు లెక్కచేస్తాడ్రా?"

"సరదా కథరా బాబూ. ఎవడికి నష్టం? అయినా నీకు సిగ్గెప్పుడొచ్చింది?"

"ఎప్పుడూ ఉంది. నువ్వే అడగలేదు."

అంత మాట అనేసి వెర్లిన్ ఇంటికొచ్చాడు. గుండె తేలికపడింది. చేసిందల్లా కూతురి కోసం. ఆమె మాట మీద నవ్వు పడకూడదు, అంతే.

రెండు రోజులకు డారా వచ్చింది. ఇల్లిల్లూ తిరిగి పాదాలు వాచిపోయి ఉన్నాయి. బూట్లు విప్పి, తండ్రి ఇచ్చిన పంది మాంసం రొట్టె నిలబడే తింది.

"ఎల్డన్ అంకుల్ ఫోన్ చేశాడు నాన్నా."

"చెప్పేశాను వాడికి. ఈ ఏడు లేదు, ఇక మీదట కూడా లేదు. నువ్వు ఆ బెంగ పెట్టుకోకు."

డారా చేతులు తుడుచుకుంది. "నువ్వు ఎక్కాలి."

"ఏంటీ?"

"నా మీద నిలబడ్డవాడు సన్నగా, అందంగా ఉంటాడు, చర్చిలో పాటలు పాడతాడు. నేనేమో దుక్కలాంటి లాయర్ని, విడాకులిప్పించే ఆవిణ్ణి. తలుపు తడితే ఏం కావాలన్నట్టు చూస్తున్నారు. అదే తొట్టి వెర్లిన్ కూతుర్నంటే తలుపు బార్లా తీస్తున్నారు. నవ్వుతున్నారు నాన్నా. నవ్వి, నా కాగితం తీసుకుంటున్నారు."

"నిన్ను చూసి నవ్వుతున్నారు తల్లీ."

"తెలుసు."

"బస్సులో ఆ రోజు..."

"గుర్తుంది. నువ్వు గుర్తుచెయ్యక్కర్లేదు."

"అసలా తొట్టి కథే అబద్ధం. ఆ సంగతి నీకంటే బాగా ఎవరికి తెలుసు?"

"కథే కదా. ఎవరికి నష్టం?"

ఎల్డన్ నోట విన్న మాటే కూతురి నోట విన్నాడు వెర్లిన్. ఇన్నేళ్ళ కొవ్వు వాసన కంటే ఆ మాట ఆయనకు ఎక్కువ అంటుకుంది.

"ఈసారి మైకు నాది. తాడు కూడా నేనే లాగుతాను" అంది డారా. "కాదనకు నాన్నా."

ఆయన కాదనలేకపోయాడు.

జాతర రోజు ఎండ మాడ్చేస్తోంది. డారా పొద్దుటి నుంచీ తన పేరు అచ్చేసిన గోళ్ళు అరగదీసుకునే పుల్లలు పంచుతూ తిరిగింది. మా దగ్గర ఓట్లడిగేవాళ్ళు అవే పంచుతారు. ఆఖరి బండి వచ్చి ఆగింది. వెర్లిన్ నల్లకోటుతో తొట్టిలో దిగి కూర్చున్నాడు. కొవ్వు అప్పటికే నూనెలా కరిగి ఉంది. డారా మైకు అందుకుంది. అబ్బ, ఎంత బాగా చెప్పిందనుకున్నారు! కోర్టులో వాదించే గొంతుతో, చోటు చూసి ఆగుతూ, తొట్టి పట్టేసుకున్న చప్పుడు నోటితో చేసి మరీ చెప్పింది. లేని నౌకరునొకణ్ణి పుట్టించి, వాడు వెన్నలో జారిపడ్డాడని కూడా కలిపింది. జనం కళ్ళ నీళ్ళు వచ్చేలా నవ్వారు. వెర్లిన్ కింద నుంచి కూతురి ముఖం వెతికాడు. ఎక్కడైనా కాస్త సిగ్గు కనిపిస్తుందేమోనని చూశాడు. కనిపించలేదు. ఆమెను చూస్తే రోత పుట్టింది. తన కూతుర్ని చూసి తనకు రోత పుట్టినందుకు, తన మీద తనకు ఇంకా రోత పుట్టింది.

ఆయన లేచి నిలబడ్డాడు.

ఎవరూ లాగకుండానే లేచాడు. గుర్రాల తొట్టి అది, ఆయనకు ఏనాడూ ఇరుకు కాలేదు. జనం నవ్వు సగంలో ఆగిపోయింది. ఎవరో "అయ్యో, లేచిపోయాడే" అన్నారు. టీవీ కెమెరా ఆయన వైపు తిరిగింది. వెర్లిన్ గొంతు సవరించుకుని, "టాఫ్ట్ గారు ఎప్పుడూ..." అని మొదలుపెట్టాడు.

డారా మైకు మీద అరచెయ్యి మూసి దగ్గరికొచ్చింది. మొహం జనం వైపే ఉంది, నవ్వు చెదరలేదు.

"కూర్చో నాన్నా."

"తల్లీ..."

"కూర్చో. అందరూ చూస్తున్నారు."

వెర్లిన్ కూర్చున్నాడు. కరిగిన కొవ్వు పొట్ట మీదుగా గుండె దాకా ఎగదన్నింది. డారా మైకు మీంచి చెయ్యి తీసింది. "అయ్యయ్యో, మళ్ళీ ఇరుక్కుపోయారండోయ్!" అని అరిచింది. జాతర జాతరంతా ఘొల్లుమంది. ఎవరో తాడు విసిరారు. ఆమె దాన్ని తండ్రి చంకల కింద నుంచి చుట్టి, గట్టిగా ముడేసి, లాగడం మొదలుపెట్టింది. వెర్లిన్ రెండు చేతులూ రేకుకు అదిమిపెట్టి, ఆ నవ్వు ఆగేదాకా ఎప్పటికంటే బాగా గింజుకున్నాడు.