రోజుకొక్క టికెట్

మా ఊరి హాల్టుకు కూడా ఒక చరిత్ర ఉందంటే మా ఊరివాళ్ళే నవ్వుతారు. దాన్ని స్టేషన్ అనడం మా గొప్పే. మాస్టరు లేడు, సిగ్నల్ లేదు. రేకుల కప్పు వేసిన ఒక గది, దానికో కిటికీ, కిటికీ వెనక మా బాపు. ఆయన రైల్వే ఉద్యోగి కాదు. పక్కనున్న పెద్ద స్టేషన్ నుంచి టికెట్లు తెచ్చి కమీషన్ మీద అమ్మే ఏజెంటు.

హాల్టు లేని రోజుల్లో బండి మలుపు దగ్గర కొంచెం నెమ్మదించేదట, అంతే. కూరగాయల గంపలు ముందు విసిరేసి వెనకాల ఆడవాళ్ళు దూకేవారని మా అవ్వ చెప్పేది. అట్లా దూకబోయి ఒకామె కాలు విరిగింది. బొగ్గుగనిని మా దగ్గర బాయి అంటారు. ఆ కాలు విరిగాక బాయిపని చేసే మావాళ్ళు ఆఫీసుల చుట్టూ తిరిగి బండి ఆగేటట్టు చేశారు. షిఫ్టు దిగి వచ్చి, నడుములు పడిపోయేలా మొరం మోసి ప్లాట్‌ఫారం పోశారు. అందుకే వాళ్ళ లెక్కలో ఆ హాల్టు రైల్వేది కాదు, మాది.

తిప్పలంతా అక్కడే వచ్చింది. మన వాకిట్లోకి మనం పోవడానికి ఎవరైనా టికెట్ కొంటారా?

పొద్దుటి ప్యాసింజర్‌కు మందమర్రి బాయికి పోయేవాళ్ళు, కూరగాయల ఆడవాళ్ళు, కాలేజీ పిల్లలం కలిసి యాభై మందిమైనా ఉండేవాళ్ళం. అందరూ కిటికీ దగ్గర ఆగేవారు. బాపు బాగోగులు అడిగేవారు, జేబులో బీడీలు పెట్టేవారు, బలవంతంగా చాయ్ తాగించేవారు. టికెట్ తప్ప అన్నీ అయ్యేవి.

"టికెట్ ఇయ్యాల్నా అన్నా?" అని బాపు మెల్లగా అడిగేవాడు.

"ఏందిరా, నాకు గూడనా?" అని అన్న నొచ్చుకునేవాడు. అంతే, బాపు నోరు మూతపడేది. వరుస కలవనివాడు ఊళ్ళో ఒక్కడుంటే కదా, గట్టిగా అడగడానికి!

నాకు ఒళ్ళు మండేది. "గట్టిగ అడుగరాదె బాపు! బండి నిండ ఎక్కుతరు, ఒక్కలు కొనరు. మొహమాటానికి పోయి మునుగుతం," అని ఇంటికొచ్చాక లొల్లి పెట్టేదాన్ని. ఆయన కాళ్ళు కడుక్కుంటూ వినేవాడు. ఆ మూడేళ్ళూ నేను మంచిర్యాల కాలేజీకి అదే బండిలో పోయాను. టికెట్ కొనాలన్న ఆలోచన ఒక్కనాడు కూడా రాలేదు. ఏజెంటు బిడ్డను, నాకు టికెట్ ఏంది?

కరోనాకు బండ్లన్నీ ఆగిపోయాయి. మళ్ళీ నడిచినప్పుడు మా ప్యాసింజర్ కూడా నడిచింది. పొద్దున్నే కూత విని ఊరంతా సంబరంగా హాల్టుకు పోయాం. బండి ఆగలేదు. గంపలు నెత్తిన పెట్టుకున్న ఆడవాళ్ళు అట్లాగే నిలబడిపోయారు. బాపు టికెట్ల కట్ట చేతిలో పట్టుకుని చివరి పెట్టె కనబడకుండా పోయేదాకా చూశాడు. ఇరవై ఏళ్ళుగా ఆయనకు తెలిసిన పని అదొక్కటే. నాకు ఏడుపొచ్చింది.

మళ్ళీ అర్జీ రాశాం. ఊరి పెద్దమనుషులు ఇద్దరు, బాపు, నేను కలిసి రైల్వే పెద్ద ఆఫీసుకు పోయాం. ఆఫీసరు మంచివాడే, కూర్చోబెట్టి మాట్లాడాడు. రోజూ యాభై మందిమి ఎక్కుతామని పెద్దమనిషి చెబితే, ఆయన కాగితాలు తిరగేశాడు.

"మీ హాల్టులో తెగిన టికెట్లు వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. మంచిర్యాలకు మాత్రం రోజుకు ఒకటి తెగింది. ఆదివారాలు, సెలవులు తప్ప మూడేళ్ళు వరుసగా. ఆ ఒక్కరి కోసం బండి ఎట్లా ఆపమంటారు?"

పెద్దమనుషులు తల వంచుకున్నారు. బాపు గోడ మీది క్యాలెండరు చూస్తున్నాడు.

తిరుగు బస్సులో బాపు పక్కన కూర్చుని ఆ మూడేళ్ళ లెక్కే వేసుకున్నాను. బసంత్‌నగర్ దాటాక అడిగాను.

"ఆ టికెట్ నాదేనా, బాపూ?"

"ఇంకెవ్వలది?"

"మరి నా చేతికి ఎందుకియ్యలే?"

"అందరి ముందట నీకిస్తే, వాళ్ళను ఎత్తిపొడిచినట్టు గాదా బిడ్డా," అన్నాడు.

ముందు సీటులో కూర్చున్న పెద్దమనిషి మా వైపు తిరగలేదు. కండువాతో ముఖం తుడుచుకున్నాడు.