మస్తాన్ సారును కరిచింది సాలీడు కాదు

మస్తాన్ సారు ఇక లేరని ఉదయగిరి నుంచి ఫోను వచ్చినప్పుడు నేను కలిగిరి బస్టాండులో ఉన్నాను. ఎలా పోయారో విన్నాక దుఃఖాన్ని తోసుకుని కోపం వచ్చింది. అది ఇంకా చల్లారలేదు. చల్లార్చుకునే ఉద్దేశమూ లేదు.

ఉదయగిరి బడిలో సైన్సు చెప్పి రిటైరైన ఆ మహనీయుడు నా గురువు. వీపున ఎర్రమచ్చ ఉన్న నల్ల సాలీడు కరిస్తే గంటలో ప్రాణం పోతుందని ఫోన్లలో వీడియోలు తిరిగి మా మెట్ట ప్రాంతమంతా హడలిపోతే, ఆయన ఒక్కరే బెదరలేదు. "ఏందిరా ఈ గోల? పట్టుకొని రాండి, చూస్తాను" అన్నారు. సీతారామపురం నుంచి కూడా జనం ఆవకాయ సీసాల్లో సాలీళ్లను పట్టుకొచ్చారు. ప్రతిదాన్నీ భూతద్దం కింద చూసి, తెచ్చినవాడికీ చూపించి, గోడ మీద వదిలేసేవారు. అన్నీ ఇళ్లలో తిరిగేవే.

"అయితే అది మన దిక్కున లేనట్టేనా సార్?" అని ఒకసారి అందరిముందూ అడిగాను.

"చూసినంతవరకు లేదురా. అసలు లేనే లేదని ప్రమాణం చెయ్యను. రక్తపింజరి పాము మాత్రం ఉండాది. ఏది కరిచినా పంచాయితీలు పెట్టబాకండి, ఆత్మకూరు ఆస్పత్రికి పొండి" అన్నారు.

అంతటి సత్యసంధత మా జనానికి ఎక్కువైంది. మొన్న మిట్టమధ్యాహ్నం పెరట్లో రాళ్లు సర్దుతుంటే ఆయన చేతి మీద కాటు పడింది. "పింజరి! కళ్లారా చూసినాను, ఆస్పత్రికి పోదాం పాండి" అని మొత్తుకున్నారు. చుట్టూ మూగిన పెద్దమనుషులు ఏమన్నారో తెలుసా? "విషం తలకెక్కి మాట్లాడతా ఉండాడు. ఇది ఆ నల్ల సాలీడే. లేదని ప్రమాణం చెయ్యనని సారే అన్న్యాడు గదా!" ఛీ! ఆయన నిజాయితీనే ఆయనకు ఉరితాడు చేశారు. మంత్రగాడి దగ్గరికి మోసుకుపోయి, చేతికి జాజు ఎర్రమట్టి పూయించి, పొద్దుగూకేదాకా కూర్చోబెట్టారు. ఆత్మకూరు చేరేసరికి చిగుళ్ల నుంచి నెత్తురు కారుతోంది. చూడగానే పాము కాటని డాక్టరు చెప్పాడు. అప్పటికే చెయ్యి దాటిపోయింది.

సిగ్గులేని జనం! సారు ఇంటి ముందు కట్టిన నివాళి ఫ్లెక్సీ మీద కూడా "విషపు సాలీడు కాటుకు బలైన" అని వేయించారు. నా చేతులతో నేనే చింపేశాను.

ఆ చప్పుడుకు సారు భార్య బయటికి వచ్చారు. "నిజం చెప్పు నాయనా, సాలీడే గదా?" అన్నారు. అవునంటే ఆ తల్లికి ఊరట. అవునన్న మాట నా నోటిదాకా వచ్చింది కూడా. కానీ నాకు అబద్ధం చెప్పడం చేతకాకుండా చేసిపోయారు ఆ మహానుభావుడు. అలాంటి గురువు మాకు మళ్లీ దొరకడు.

"పామేనమ్మా" అన్నాను.

ఆమె గడప మీద కూలబడ్డారు.

"మాట్లాడితే విషం పాకుతాదని ఎవరో అంటే, ఆయన నోరు నేనే మూసినాను నాయనా" అన్నారు.