చివరి పది నిమిషాల ఆర్డిస్

మా ఊరికి వచ్చిన సినిమాలన్నిటి ముగింపులూ ఆర్డిస్ లోకెన్‌కు తెలుసు. ఎవరు చచ్చారో, ఎవరు ఎవర్ని పెళ్లాడారో, ఏ నగరం కాలిపోయిందో చెప్పగలదు. ఎందుకు కాలిపోయిందని అడిగితే మాత్రం తెలియదు. నలభై ఒక్క ఏళ్లు మా లిరిక్ హాల్లో పనిచేసింది. ఏడింటికి టికెట్లు చింపి, పాప్‌కార్న్ పోసి, ఆలస్యంగా వచ్చినవాళ్లకు మళ్లీ పోసి, యంత్రం కడిగేసరికి ఆట అయిపోవచ్చేది. ఇంకా పది నిమిషాలుందనగా చీపురూ చేటా పట్టుకుని వెనక వరస దగ్గరికి వచ్చి నిలబడేది. ఆ పది నిమిషాలే ఆమె చూసిన సినిమా.

నేను వెర్న్. ఆ హాలు మా నాన్నది, తర్వాత నాది. పైగదిలో రీళ్లు తిప్పడం మొదటి నుంచీ నా పని. మా నార్డ్‌బీ లాంటి చిన్న ఊళ్లో హాలంటే వారానికి మూడు రోజులు, రోజుకు ఒక్క ఆట. మిగతా రోజుల్లో ఆర్డిస్ బడి వంటగదిలో పిల్లలకు వడ్డించేది. ఆమె భర్త రోలాండ్ కంకర లారీ నడిపేవాడు. మా హాలుకి రెండుసార్లు వచ్చాడు, రెండుసార్లూ నిద్రపోయాడు.

టీవీలోనైనా ఒక సినిమా మొదటి నుంచి చూడొచ్చు కదా అని ఒకసారి అన్నాను.

"ఇంట్లో కూర్చుంటే గిన్నెలు కనబడతాయి వెర్న్" అంది.

ఆమె పనిలో చేరిన వారం ఆడిన సినిమా ఒకటుంది. తీసిన కంపెనీ ఆ ఏడే మూతపడింది కాబట్టి రీళ్లు తిరిగి తీసుకెళ్లడానికి ఎవరూ రాలేదు. ఆరు డబ్బాలు పైగది మూలన అలాగే ఉండిపోయాయి. ఆ సినిమా తర్వాత టేపుగా గానీ డిస్కుగా గానీ రాలేదు, ఎవరికీ దాని పేరు కూడా గుర్తులేదు. ఆర్డిస్ ప్రతి వసంతంలో ఆ డబ్బాల మీద దుమ్ము తుడిచేది. చివరి పది నిమిషాల్లో ఒకాయన రైలు స్టేషన్లో నిలబడి, రైలు వెళ్లిపోయాక, కోటు జేబులోంచి ఒక ఉత్తరం తీసి ముక్కలు ముక్కలు చేస్తాడు. ఇరవై రెండేళ్ల వయసులో, పనిలో మొదటి రోజున ఆమె చూసింది అదే. ఆ ఉత్తరంలో ఏముందో తెలుసుకోవాలని నలభై ఒక్క ఏళ్లు ఆశపడింది. ఈ సంగతి నాకు చాలా ఆలస్యంగా తెలిసింది. ముందే తెలిసుంటే ఇది రాసే పనే ఉండేది కాదు.

అడగొచ్చు కదా అంటారు. అడగనిదే అమ్మైనా పెట్టదన్నారు, నిజమే. కానీ మా ఊళ్లో అడగడం కంటే ఆకలితో పోవడం మర్యాద. ఎవరింటికి వెళ్లినా కాఫీ ఇస్తామంటే రెండుసార్లు వద్దనాలి, మూడోసారి "సరే, ఎలాగూ పెట్టారు కాబట్టి" అనాలి. ఇచ్చేవాళ్లూ మూడుసార్లు అడగాలి. రెండుసార్లతో ఆపేసినవాళ్లని ఊరు పదేళ్లు గుర్తుంచుకుంటుంది.

ఆమె పనిలో చివరి ఏడాది మొదట్లో, సినిమా కంపెనీలవాళ్లు త్వరలో రీళ్లు పంపడం మానేస్తామన్నారు. రీళ్లు అక్కర్లేని కొత్త యంత్రం కొనాలంటే హాలంత ఖరీదు. సంవత్సరం తిరిగేసరికి మూసేద్దామని జనవరిలోనే నిర్ణయించాను. ఊరికే ఏడుస్తూ మూయడం దేనికని ఒక పోటీ పెట్టాను. ఏ వారం దేశం మొత్తం మీద ఏ సినిమా ఎక్కువ వసూలు చేస్తుందో గురువారం లోపల చీటీ రాసి కౌంటర్ మీది పాప్‌కార్న్ బకెట్లో వెయ్యాలి. యాభై రెండు వారాల్లో ఎక్కువ సరిగ్గా చెప్పినవాళ్లు చివరి రోజు వేసే సినిమా ఎంచుకోవచ్చు.

"ఏ సినిమా అయినా అడగొచ్చా?" అంది ఆర్డిస్, నిబంధనలు అట్ట మీద గుండ్రటి అక్షరాలతో రాస్తూ.

"రీలుంటే ఏదైనా."

"పైనున్న డబ్బాల్లోవి కూడానా?"

"ఫిల్ము పాతబడి అవి కంపుకొడుతున్నాయి. ఒక్కసారికి తట్టుకుంటాయేమో. ఆ, అవి కూడా" అన్నాను. రాయడం కోసం అడుగుతోందనుకున్నాను. నేను అంత తెలివైనవాణ్ణి.

ఇంకొక నిబంధన ఆమె సొంతంగా రాసింది: సోమవారం అంకెదే ఆఖరి మాట. అది ఎందుకంటే, కంపెనీలవాళ్లు ఆదివారం పొద్దున్నే వారాంతం వసూళ్లు చాటేస్తారు. ఆదివారం మ్యాట్నీకి ఇంకా గేటు తియ్యకుండానే ఆదివారం డబ్బు కూడా అందులో కలిపేస్తారు. ఆలూ లేదు చూలూ లేదు, కొడుకు పేరు సోమలింగం. రేడియోలో వచ్చేదీ ఊరు చెప్పుకునేదీ ఆ అంకే. నిజం అంకె సోమవారం వస్తుంది, అప్పటికి ఎవరికీ పట్టదు.

మొదటి రెండు నెలలు నలభై మంది ఆడారు. దేశంలో మొదటి స్థానంలో ఉన్న సినిమా మా ఊరికి ఐదు వారాల తర్వాత గానీ రాదు కాబట్టి చూసి చెప్పేది లేదు, ఊహించడమే. వేసవికల్లా ఇద్దరే మిగిలారు, ఆర్డిస్ ఒకరు, డెల్మర్ ఫోస్ ఒకడు. డెల్మర్ ముప్ఫై నాలుగేళ్లు ఊరికి ఉత్తరాలు పంచి రిటైరైనవాడు. ఏ పత్రిక అట్ట మీద ఎవరి మొహం పడితే వాళ్ల సినిమా పేరు రాసేవాడు.

ఆర్డిస్ పద్ధతి వేరు. బడి వంటగదిలో పళ్లెం పట్టుకున్న పిల్లలు ఏం మాట్లాడుకుంటున్నారో వినేది. మే నెలలో అందరూ పేలుళ్ల సినిమా రెండో వారం కూడా నిలబడుతుందని రాస్తే ఆమె మాత్రం రాయలేదు.

"ఎందుకని?" అన్నాను.

"మొన్నటిదాకా మగపిల్లలు బంగాళదుంపల్ని పేల్చుతూ ఉండేవాళ్లు. ఈ వారం తింటున్నారు."

ఆ వారం పేలుళ్ల సినిమా మూడోదయింది. డెల్మర్ కౌంటర్ దగ్గరికి వచ్చి, "నువ్వు ఆ పిల్లలకి అన్నంలో ఏం కలుపుతున్నావో చెప్పు, నేనూ కొనుక్కుంటా" అన్నాడు.

"నువ్వు ముందు పత్రికలు ఊరికే తిరగేయడం మానెయ్. కొట్టువాడు నిన్ను చూసి షట్టర్ దించేస్తున్నాడట."

సెప్టెంబరులో, బడులు తెరిచి పిల్లలకు సినిమాల ఊసే లేనప్పుడు, ఆమె వరసగా నాలుగు వారాలు తప్పింది. డెల్మర్ పుంజుకున్నాడు. నవంబరులో మళ్లీ ఆమె. డిసెంబరు ఆఖరి వారానికి చెరో ముప్ఫై. మంచు మోకాలి లోతు పడింది. చివరి చీటీలో ఆర్డిస్ బొమ్మల సినిమా పేరు రాసింది. డెల్మర్ యుద్ధం సినిమా పేరు రాశాడు.

ఆదివారం రేడియోలో బొమ్మల సినిమా మొదటిదని చెప్పారు. తేడా వెంట్రుకవాసి. పిల్లలు వచ్చి పోటీ లెక్క రాసే బోర్డు మీద ఆర్డిస్ పేరు పక్కన నక్షత్రం గీశారు. చర్చి నుంచి ఎవరో ఒక పళ్లెం నిండా నిమ్మ బార్లు, అంటే పుల్లతీపి కేకు ముక్కలు, పంపారు. ఆ సాయంత్రం ఆమె పైగదికి వచ్చి, ఏప్రిల్లోనే తుడిచిన డబ్బాల్ని మళ్లీ తుడిచింది. నేను చూశాను. చూసి, చలికాలం దుమ్ము కూడా ఎక్కువే అనుకున్నాను.

సోమవారం పొద్దున పదింటికి మా హాలు లెక్క మినియాపోలిస్‌లో మాకు సినిమాలు కుదిర్చే ఆఫీసుకు ఫోన్లో చెప్పాలి. ఏళ్ల తరబడి ఆ ఫోన్ ఆర్డిస్‌దే. బడికి సెలవులు కాబట్టి ఆ రోజు హాల్లోంచే చేసింది. డెల్మర్ ఓటమి ఒప్పుకోవడానికి వచ్చి బార్లు తింటున్నాడు. పళ్లెంలో ఒకటి మిగిలింది. చివరి ముక్క ముట్టుకునే మనిషి మా ఊళ్లో ఇంకా పుట్టలేదు.

ఆర్డిస్ అవతల ఆఫీసులో ఆవిడ చెప్పింది విని, "సరిగ్గా చూశావా పాట్రీస్?" అంది. ఫోన్ పెట్టేసి, తుడిచే గుడ్డ తీసుకుని బోర్డు దగ్గరికి వెళ్లి, నక్షత్రం తుడిచేసింది.

"ఏం చేస్తున్నావ్?" అన్నాడు డెల్మర్.

"అంకె మారింది. నిన్న సాయంత్రం జనం యుద్ధం సినిమాకి ఎక్కువ వెళ్లారట. నీదే మొదటిది."

"ఎవరికి తెలుసు ఆర్డిస్? ఊరంతా నిన్ననే నువ్వు గెలిచావనుకుంది. అలాగే ఉండనీ."

"నాకు తెలుసుగా. ఆ అట్ట రాసింది నేనే."

ఆమె అతని పేరు పక్కన గీత గీసింది. డెల్మర్ చెవులు ఎర్రబడ్డాయి. గెలవడం మా ఊళ్లో ఎవరికీ చేతకాదు.

"అయితే ఏంలే, ఏ సినిమానో నువ్వే చెప్పు" అన్నాడు.

"అబ్బే, గెలిచింది నువ్వు."

"నాకు ఏదైనా ఒకటే. నువ్వే చెప్పమ్మా."

"వద్దులే డెల్మర్, నువ్వే చెప్పు."

అతను మూడోసారి నోరు తెరిచాడు. నేను గడియారం చూశాను. రీళ్లు నిలవుంచే డిపోవాళ్లు కొత్త సంవత్సరం సెలవుకి పదకొండింటికే తాళం వేస్తారు.

"డెల్మర్, త్వరగా చెప్పు, నేను ఫోన్ చెయ్యాలి" అన్నాను.

కంగారులో అతను నోటికొచ్చింది చెప్పేశాడు, సైన్యం నుంచి సెలవు మీద వచ్చినప్పుడు చూసిన గుర్రాల సినిమా. నేను ఫోన్ చేశాను. ఆర్డిస్ చేతిలో గుడ్డ అలాగే ఉంది. కాసేపటికి మడతపెట్టి సొరుగులో పెట్టుకుంది.

జనవరి మొదటి శనివారం ఆఖరి ఆట. హాలు నిండింది. గుర్రాలు పరిగెత్తాయి, జనం చప్పట్లు కొట్టారు, పది నిమిషాలుందనగా ఆర్డిస్ చీపురుతో వచ్చి నిలబడింది.

ప్రొజెక్టర్లు కొనుక్కున్న ఫార్గో పట్నం మనుషులు సోమవారం వస్తామన్నారు. ఆదివారం చర్చి అయ్యాక నేనూ ఆర్డిస్ పైగది ఖాళీ చేస్తున్నాం.

"ఇవేం చేద్దాం?" అంది డబ్బాలు చూపించి.

"చెత్తలోకే. ఇంకెవడు చూస్తాడు?"

రెండేసి చొప్పున కిందికి మోసుకెళ్లింది. మూడోసారి వెళ్లి తిరిగి రాలేదు. వెనక కిటికీలోంచి చూస్తే చెత్తతొట్టి పక్కన, ముక్కులో ఊపిరి గడ్డకట్టే చలిలో, ఆఖరి రెండు డబ్బాలు కోటుకు ఆనించుకుని నిలబడి ఉంది. కిందికి దిగాను.

"ఏమైంది?"

"ఏం లేదు." డబ్బాలు వదలకుండానే అంది: "వెర్న్, ఆ ఉత్తరంలో ఏముంది?"

"ఏ ఉత్తరం?"

"స్టేషన్లో ఆయన చింపేసేది. నేను చేరిన వారం."

నాకు అర్థం కావడానికి కొంత సమయం పట్టింది. తర్వాత అన్నీ ఒక్కసారే గుర్తొచ్చాయి. అట్ట రాస్తూ అడిగిన మాట, రెండోసారి తుడిచిన డబ్బాలు, డెల్మర్ తెరిచిన నోరు, నేను చూసిన గడియారం. సిగ్గేసింది. కోపం కూడా వచ్చింది, అందులో సగం ఆమె మీదే.

"ఎప్పుడో అడగొచ్చుగా. పైన కూర్చునేది నేనే కదా."

"అడిగేంత పెద్ద విషయమా?"

ఆ ఉత్తరంలో ఏముందో నాకు తెలుసు. ఒక్క వాక్యంలో చెప్పొచ్చు. చెప్పలేదు.

"రా, వేస్తాను" అన్నాను.

"వద్దు. ప్రొజెక్టర్లు విప్పేశావు."

"రెండింటిలో ఒకటే విప్పాను. రా."

"వద్దులే వెర్న్, హాల్లో హీటరు కూడా ఆపేశాం. రోలాండ్ అన్నానికి చూస్తుంటాడు."

రెండుసార్లు వద్దనడం అయింది. ఈసారి గడియారం వైపు చూడలేదు.

"ఆర్డిస్, సినిమా వేస్తాను, వచ్చి కూర్చో."

"సరే" అంది, "ఎలాగూ వేస్తున్నావు కాబట్టి."

తొట్టిలోంచి నాలుగు డబ్బాలు తీసి మంచు దులిపాం. ఆమె నాలుగో వరస మధ్యలో, కోటు విప్పకుండా, చేతితొడుగులతో, డాక్టర్ గదిలో కూర్చున్నట్టు కూర్చుంది. ప్రొజెక్టర్ ఒకటే కాబట్టి ప్రతి రీలుకూ ఆగాలి. మూడో రీలు రెండుచోట్ల తెగింది, అతికించాను. ఆగిన ప్రతిసారీ కిటికీలోంచి చూశాను. ఆమె టోపీ కదల్లేదు. ఆ రోజు నేను సినిమా చూడలేదు, ఆ టోపీనే చూశాను.

ఆరో రీలు సగంలో ఆమె లేచింది. రోలాండ్ గుర్తొచ్చాడేమో, వెళ్లిపోతోందేమో అనుకున్నాను. లేదు. చీపురూ చేటా తెచ్చుకుని వెనక వరస దగ్గర నిలబడింది. తెర మీద ఆయన ఇష్టపడ్డావిడ ఎక్కిన రైలు వెళ్లిపోయింది. ఆయన జేబులోంచి ఉత్తరం తీసి చింపాడు.

లైట్లు వేసి కిందికి వెళ్లాను.

"ఆవిడ రాసిందనుకున్నాను ఇన్నాళ్లూ, ఇక తిరిగి రానని" అంది. "ఆయన రాసిందా."

"ఆయనే రాశాడు, వెళ్లొద్దని. ఇవ్వలేదు."

"అడిగుంటే ఆగేదేమో."

"ఆగేదేమో" అన్నాను.

ఆమె తలూపి నాలుగో వరసలోకి వెళ్లింది. హీటరు లేదు కాబట్టి ఆమె బూట్ల నుంచి రాలిన మంచు కరగకుండా అలాగే ఉంది. దాన్ని చేటలోకి ఊడ్చింది.