అక్క వీధిలో ఆ ఊసు ఎత్తకూడదు

ఆమెను ఊళ్ళో చాలామంది ప్రశ్నలమ్మ అనే పిలుస్తారు. ఆర్థిక పరిశోధన సంస్థలో ఉద్యోగం. జనం ఎందుకు ఓటేస్తారు, ఎందుకు వేయరు, ప్రభుత్వం ఏ పని ఎలా చేస్తే మేలు అని అక్కడి ప్రొఫెసర్లు తలలు బద్దలు కొట్టుకుంటారు. వాళ్ళకు కావలసిన జవాబులు ఇల్లిల్లూ తిరిగి తెచ్చేది ఈమె. మెడలో గుర్తింపు కార్డు, చేతిలో ట్యాబ్, కాళ్ళకు మెత్తటి బూట్లు.

పిల్లలు పెద్దవాళ్ళయ్యాక చేరింది. "గోడలతో మాట్లాడే బదులు జీతం తీసుకుని మనుషులతో మాట్లాడరాదూ?" అని ప్రింటింగ్ ప్రెస్సులో పనిచేసే భర్తే ప్రకటన చూపించాడు. తీరా చేరాక తెలిసింది, ఆ ఉద్యోగంలో కష్టం మాట్లాడటం కాదు, నోరు అదుపులో పెట్టుకోవడమని. ప్రశ్నను ఉన్నది ఉన్నట్టు చదవాలి. జవాబు విని తల ఊపకూడదు, నవ్వకూడదు. ఒకాయన వంటింటి వైపు భయంగా చూస్తూ, "నాకూ ఓటుందని మా ఆవిడకి చెప్పకండి, తనతోపాటు లైన్లో నిలబెడుతుంది" అన్నాడు. ఆమె పెదవి కొరుక్కుని జవాబు నమోదు చేసుకుని, మెట్ల మలుపు దాటాక కళ్ళలో నీళ్ళొచ్చేదాకా నవ్వింది.

నగరపాలక సంస్థ ఎన్నికలు దగ్గరపడ్డప్పుడు కొత్త పరిశోధన మొదలైంది. ప్రొఫెసరమ్మ అందరినీ కూర్చోబెట్టి చెప్పింది.

"ఓటేద్దామనుకునేవాళ్ళు చాలామందే. తీరా ఆ రోజు ఏదో పని అడ్డం వస్తుంది. ఎన్నింటికి వెళ్తారు, ఎలా వెళ్తారు, ఎవరితో వెళ్తారు అని ముందే ఎవరైనా అడిగితే? అప్పుడైనా కదులుతారా? సగం వీధుల్లో అడుగుదాం. సగం వదిలేద్దాం. ఏ వీధి ఎటన్నది కంప్యూటరే చీటీలు తీసినట్టు తేలుస్తుంది. వదిలేసిన వీధుల్లో మాత్రం ఓటు మాటే ఎత్తకూడదు. మీ బంధువులున్నా సరే. అక్కడా మనమే కదిలిస్తే, తేడా మన ప్రశ్న వల్ల వచ్చిందో లేదో ఎలా తెలుస్తుంది?"

వదిలేసిన వీధుల్లో ప్రశ్నలమ్మ అక్క వాళ్ళ వీధీ ఉంది. అక్క బట్టలు కుడుతుంది, బావ గడియారాలు బాగుచేస్తాడు. అక్కాచెల్లెళ్ళు రోజూ పొద్దున్నే ఫోన్లో మాట్లాడుకోందే కాఫీ గొంతు దిగదు. పైగా అక్క ఏనాడూ ఓటేసిన మనిషి కాదు.

"ఈసారి ఏం అడుగుతున్నారే జనాన్ని?" మర్నాడే అడిగింది అక్క.

"ఏదోలే అక్కా. ఎండ బాగా కాస్తోంది కదూ?"

"నేను అడిగిందేంటి, నువ్వు చెప్పేదేంటి?"

"కుట్టుమిషన్ బాగుందా?"

"మిషన్ బానే ఉంది. నీకే ఏదో అయింది!" అని అక్క ఫోన్ పెట్టేసింది.

నోరు జారుతుందేమోనని ప్రశ్నలమ్మ ఫోన్లు తగ్గించింది. అక్క అలిగి, తనూ చేయడం మానేసింది. చివరికి బావ చేశాడు.

"మరదలా, మీ అక్క మూతి ముడుచుకుని కూర్చుంది. నిన్న ఎవరి ప్యాంటుకో ఒక కాలు పొట్టిగా కుట్టింది. ఏమైందమ్మా?"

"వచ్చే వారం చెప్తా బావా, అంతదాకా ఏమీ అడక్కు" అని బతిమాలింది.

ఇంటి దగ్గర ఈ గొడవ ఉన్నా, వీధుల్లో మాత్రం ఆమెకు ఉత్సాహం పొంగుకొచ్చేది. ఎప్పుడు వెళ్తారని అడగ్గానే మనుషులు నిజంగానే ఆలోచనలో పడేవారు. మంగలి షాపు తెరవకముందే వెళ్ళొస్తానన్నాడు. కవల పిల్లల తల్లి అక్కడికక్కడే పై అంతస్తు ఆవిడను కేకేసి, "ముందు నువ్వెళ్ళిరా, తర్వాత నా పిల్లల్ని చూస్తే నేనెళ్తా" అని ఒప్పందం కుదుర్చుకుంది.

పోలింగ్ ముగిసిన సాయంత్రం ప్రశ్నలమ్మ పరుగులాంటి నడకతో అక్క ఇంటికి వెళ్ళింది. తలుపు తీయగానే, "ఇక మాట్లాడొచ్చక్కా!" అని కౌగిలించుకుని సంగతంతా ఊపిరి తిప్పుకోకుండా చెప్పేసింది.

అక్క విని, "ఇంతేనా? నా మీద కోపమనుకుని కుమిలిపోయాను కదే!" అంది. తర్వాత తాపీగా, "నేనూ ఓటేశాను" అంది.

"నువ్వా? ఎవరు చెప్పారు?"

"ఎవరూ చెప్పలేదు. పొద్దున్నే నీ ఫోన్ లేదాయె, ఏం తోచలేదు. ఎదురింటి టీచరు వెళ్తుంటే తోడెళ్ళాను. లైన్లో భలే కాలక్షేపమైందిలే!"

"కొంప ముంచావే అక్కా! నేను మాట్లాడకపోవడం వల్లే వేశావన్నమాట! ఇప్పుడు ప్రొఫెసరమ్మకి ఏం చెప్పను?"

బావ భూతద్దం పక్కన పడేసి పొట్ట పట్టుకుని నవ్వాడు.

మర్నాడు ప్రశ్నలమ్మ భయపడుతూనే జరిగింది చెప్పింది. ప్రొఫెసరమ్మ తేలిగ్గా, "అంతమందిలో ఒక్క ఓటుకి ఏమవుతుందిలెండి" అంది. ఏం అన్నదో తనకే తట్టి నాలుక కరుచుకుంది. "ఈ మాట నేనన్నానని బయట చెప్పకండి!" ఇద్దరూ గదంతా మోగేలా నవ్వారు.

లెక్కలు తేలడానికి కొన్ని నెలలు పట్టింది. ప్రశ్న అడిగిన వీధుల్లో ఓటేసినవాళ్ళు ఎక్కువే. తేడా భారీదేం కాదు గానీ స్పష్టంగా ఉంది. ఒంటరిగా ఉండేవాళ్ళలో మరీ బాగా కనిపించింది. ఎన్నికల కార్యాలయం ఆ నివేదిక చదివి, వచ్చే ఎన్నికలకు అన్ని వీధుల్లోనూ మనుషుల్ని పంపాలని నిర్ణయించింది. కొత్తవాళ్ళకు శిక్షణ ఇచ్చే పని ప్రశ్నలమ్మకు దక్కింది. చేరినవాళ్ళలో అక్క కూడా ఉంది.

మొదటి రోజు ఇద్దరూ కలిసే వెళ్ళారు. తలుపు తీసిన కుర్రాడు, "ఎప్పుడెళ్తానో ఏమో, ఇంకా అనుకోలేదండీ" అన్నాడు.

"తొందరేం లేదు బాబూ, నిదానంగా అనుకో. నేను కూర్చుంటా" అని అక్క మెట్టు మీద చతికిలబడింది.

"అక్కా, ఆ మాట ప్రశ్నల్లో లేదే" అని ప్రశ్నలమ్మ చెవిలో గొణిగింది.

"లేకపోతే రాయించు."

కుర్రాడు లోపలికి వెళ్ళి, అక్క కోసం ఒకటి, చెల్లెలి కోసం ఒకటి, రెండు కుర్చీలు తెచ్చి వేశాడు. "పొద్దున్నే వెళ్తానండీ, డ్యూటీకి ముందు" అన్నాడు.